నానూక్ – చిత్రము, చరిత్ర

రాజుల చరిత్రకు శాసనములు కలవు, తామ్రపత్రములు కలవు, కైఫీయతులు కలవు. దిక్కులేని ప్రజల చరిత్రకు ఆధారములు అరుదు. వారినిగూర్చి ఏదేని వ్రాయబడియున్నచో అది పన్ను రాబట్టిన అధికారియో, సరకు కొనిన వర్తకుడో, మతబోధకుడో వ్రాసినదై యుండును. అట్టి ప్రజల ముఖములను, చేతిపనులను, పిల్లల ఆటలను లోకమునకు చూపగల సాధనమొకటి ఇరువదవ శతాబ్దమున లభించెను. అదియే చలనచిత్రము. కల్పితకథను విడిచి వాస్తవజీవితమును వస్తువుగా గ్రహించు చిత్రమునకు డాక్యుమెంటరీ అని పేరు. ఈ శాఖకు ఆదికావ్యమువంటిదని పెద్దలు ఎన్నునది 1922లో వెలువడిన ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ అను మూకచిత్రము. దానిని నిర్మించినవాడు రాబర్ట్ ఫ్లాహర్టీ. అందలి పాత్రలు కెనడా దేశపు ఉత్తరసీమలో, హడ్సన్ అఖాతపు తీరమున నివసించు ఇనుయిట్ జనులు.

ఈ చిత్రము పుట్టి నూరేండ్లు దాటినది. దానిని మెచ్చినవారును, నిందించినవారును అసంఖ్యాకులు. అయినను చిత్రము ముగిసిన తరువాత ఆ ప్రజలకేమి జరిగినదో తెలిసినవారు కొలదిమంది మాత్రమే. చిత్రమును, దాని వెనుకటి చరిత్రను ఒకచోట చేర్చి చూచినగాని ఒక ప్రశ్నకు సమాధానము దొరకదు: ఒకరి బ్రదుకును చిత్రించువాడు ఆ బ్రదుకునకు ఎంతవరకు బాధ్యుడు?

ఫ్లాహర్టీ 1884లో అమెరికాలోని మిషిగన్ రాష్ట్రమందు జన్మించెను. తండ్రి గనుల ఇంజనీరు. బాల్యమునుండి తండ్రివెంట గనుల తావులలో, అడవులలో తిరిగినందున అతనికి పట్టణవాసముకంటె అరణ్యవాసమే పరిచితమైనది. 1910లో సర్ విలియం మెకెంజీ అను రైలుమార్గాల నిర్మాత హడ్సన్ అఖాతపు ద్వీపములందు ఇనుపరాయి కలదేమో చూచి రమ్మని అతనిని పంపెను. ఇట్లు ఖనిజాన్వేషకుడుగా మొదలైన ప్రయాణములు కొన్ని సంవత్సరములు సాగినవి. దేశపటములలో సరిగా గుర్తింపబడని బెల్చర్ ద్వీపములను అతడు సర్వే చేసెను. వానిలో పెద్దది నేటికిని ఫ్లాహర్టీ ద్వీపమని వ్యవహరింపబడుచున్నది. ఈ ప్రయాణములందు అతనికి తోడు నిలిచినవారు, కుక్కబండ్లు నడపినవారు, మంచుతుపానులలో దారి చూపినవారు ఇనుయిట్లే.

1913లో మూడవ ప్రయాణమునకు బయలుదేరునపుడు మెకెంజీ సలహామీద అతడొక సినీ కెమెరాను వెంట తీసికొనిపోయెను. దానిని నడపుట మూడువారములలో నేర్చుకొనెను. అటుపిమ్మట తీసిన చిత్రమంతయు 1916లో టొరంటో నగరమున కూర్పు చేయుచుండగా సిగరెట్టు నిప్పురవ్వ పడి దగ్ధమైపోయెను. సుమారు 30,000 అడుగుల నెగటివు భస్మమైనది. ఒక ప్రతి మాత్రము మిగిలెను. దానిని మిత్రులకు ప్రదర్శించిచూపి, అది కాలిపోవుటయే మేలని అతడు తలంచెనట. అందులో దృశ్యములు కలవుగాని వానిని కూర్చు సూత్రము లేదు. అక్కడొకటి ఇక్కడొకటి చూచివచ్చిన యాత్రికుని కన్నే అది. ఒక మనుష్యుని, ఒక కుటుంబమును తీసికొని, ఏడాది పొడవునా వారు ఆకలితోను చలితోను పోరాడు విధమును చూపినచో జాతి స్వభావమంతయు అందులోనే తెలియునని అతనికి తోచెను. కథాచిత్రమునకుండు ఐక్యమును వాస్తవమునకు కల్పింపవలెనన్న ఈ భావమే తరువాతి డాక్యుమెంటరీలకు మూలమైనది. దాని గుణమును, దోషమును రెండును ఇచ్చటనే పుట్టినవి.

ఆనాటి ఇనుయిట్ల స్థితి ఎట్టిదో చూతము. వారిని పరులు ఎస్కిమోలనిరి. వారు తమను ఇనుయిట్లని, అనగా మనుష్యులని, చెప్పుకొందురు. సీల్, వాల్రస్ అను సముద్రజంతువులను, చేపలను, కారిబూ అను దుప్పిజాతి మృగములను వేటాడి వారు బ్రదికెడివారు. అయితే 1920 నాటికి వారు లోకమెరుగని ఆదిమవాసులు కారు. తెల్లనక్క చర్మమునకు యూరపు నగరాలలో మంచి ధర పలుకుచున్న కాలమది. వర్తకులు తీరమంతట కొట్లు నెలకొల్పిరి. వేటగాడు తుపాకి, గుండ్లు, పిండి, టీ, ఉన్ని బట్టలు అప్పుగా తీసికొని, శీతకాలమంతయు ఉచ్చులు పన్ని, చర్మములతో ఆ బాకీ తీర్చవలెను. నక్కలు పడిననాడు కడుపు నిండును. నక్కలు పడకున్నను, పారిస్ నగరమున వేషము మారి ధర తగ్గినను, ఆ యేడు పస్తు. పూర్వము వారి జీవితము ప్రకృతికి లోబడియుండగా, ఇప్పుడు ప్రకృతికి తోడు వర్తకుని ఖాతాపుస్తకమునకును లోబడెను.

ఫ్లాహర్టీకి ధనసహాయము చేసిన రెవియాన్ ఫ్రేర్ సంస్థ అట్టి బొచ్చుచర్మముల వర్తకసంస్థయే. హడ్సన్ అఖాతపు తూర్పుతీరమున, నేడు ఇనుక్జువాక్ అనబడు తావున, ఆ సంస్థకు కొట్టు కలదు. 1920 ఆగస్టు నెలలో ఫ్లాహర్టీ అచ్చటికి చేరి ఏడాదికాలము నివసించెను. ప్రధానపాత్రకు అల్లకరియల్లక్ అను ప్రసిద్ధుడైన వేటగానిని ఎన్నుకొనెను. పరదేశీయుల నాలుకకు ఆ పేరు తిరుగదని కాబోలు, ఎలుగుబంటి అని అర్థమిచ్చు నానూక్ అను పేరు అతనికి పెట్టెను. చిత్రమున నానూక్ భార్యగా, పిల్లలుగా కనబడువారు అతని స్వంత కుటుంబము కాదు. అందరును పాత్రధారులే.

ఆ చిత్రీకరణము సామాన్యమైన కార్యము కాదు. చలికి ఫిల్ము పెంకువలె పెళుసెక్కి విరిగెడిది. తీసిన ఫిల్మును అచ్చటనే కడిగి, అచ్చటనే ప్రతులు తీయవలెనని ఫ్లాహర్టీ పట్టుదల వహించెను. విద్యుద్దీపపు కాంతి నిలుకడగా లేనందున గుడిసె కిటికీని మూసి, ఫిల్ము చట్రమంత సందు మాత్రము విడిచి, సూర్యకాంతితోనే ప్రతులు తీసెను. కాంతి ఎక్కువైనచో పలుచని గుడ్డపేలిక అడ్డువేయుట, తక్కువైనచో తొలగించుట. మంచుగడ్డకు రంధ్రము తొలిచి నీరు తోడి పీపాలతో మోసినవారు ఇనుయిట్లు. ఆ నీటిలో పడిన మృగరోమములను ఏరినవారును వారే. కెమెరా సముద్రములో పడగా దానిని విప్పి, శుభ్రపరచి, తిరిగి బిగించినవారును వారేనని చెప్పుదురు. కనుక ఈ చిత్రము ఫ్లాహర్టీ ఒక్కని సృష్టి కాదు. దాని నిర్మాణమున వారు కూలివాండ్రు మాత్రమే కారు, సహకర్తలు. అయినను చిత్రపు శీర్షికలలో ఆ విషయము తగినంతగా తెలియరాదు.

తీసిన భాగములను ఫ్లాహర్టీ ఎప్పటికప్పుడు వారికి చూపెడివాడు. వాల్రస్ వేట దృశ్యమును మొదటిసారి తెరమీద చూచినపుడు, అది బొమ్మ యను సంగతి మరచి, ‘పట్టుకొనుడు, వదలకుడు’ అని కేకలు వేయుచు వారు తెరమీదికి ఉరికిరని అతడు వ్రాసెను. చిత్రింపబడినవారికి చిత్రమును మొదట చూపుట గొప్ప మర్యాద. ఆ కాలమున అట్టి పని చేసినవారు అరుదు. ఫ్లాహర్టీ పక్షమున చెప్పదగిన మొదటి మాట ఇది.

రెండవ పక్షమును వినవలెను. ఆనాటికి ఇనుయిట్లు తుపాకులతో వేటాడుచుండగా ఫ్లాహర్టీ తాతలనాటి బల్లెములతో వేటాడుడని కోరెను. బల్లెపు త్రాటికి చిక్కిన వాల్రస్ వారిని సముద్రములోనికి లాగుచున్నపుడు తుపాకి పేల్చుమని వారు అరచిరట. అతడు విననట్లు నటించి కెమెరా త్రిప్పుచుండెనట. మంచుగృహము లోపల కెమెరాకు చోటును వెలుతురును చాలనందున, సగము గోడ లేని పెద్ద ఇగ్లూను కట్టించి, ఆ బయలులోనే కుటుంబమును నిద్రపుచ్చి, నిద్రలేపి చిత్రించెను. మంచురంధ్రమునుండి సీల్‌ను లాగు దృశ్యములో త్రాటి రెండవకొనను లాగినది జంతువు కాదు, కెమెరాకు కనబడని మనుష్యులు. తోలుబొమ్మలాటలో తెరవెనుక చేతులున్నట్లే ఇచ్చటను కలవు. వర్తకుని కొట్టులో గ్రామఫోనును చూచి నానూక్ ఆశ్చర్యపడి, రికార్డును పంటితో కొరికి చూచునట్టి దృశ్యము ఒకటి కలదు. కాని ఫ్లాహర్టీ గుడిసెలోని గ్రామఫోనును వినుటకు ఇనుయిట్లు తరచు వచ్చుచుండిరని అతని వ్రాతలే చెప్పుచున్నవి. తెలిసినవానిని తెలియనివానిగా చూపుట వేటను అభినయింపజేయుటవంటిది కాదు. మొదటిదానిలో ఒక మనుష్యుని బుద్ధికి లోపము కలుగుచున్నది.

1922 జూన్ 11వ తేదీన న్యూయార్క్ నగరమందలి క్యాపిటల్ థియేటరులో చిత్రము విడుదలయ్యెను. అంతకుముందు కొన్ని పంపిణీసంస్థలు దానిని నిరాకరించినవి. ప్రజలు మాత్రము ఆదరించిరి. యూరపు నగరములలో నానూక్ పేరు ఇంటింటి మాటయైనది. పదియేండ్ల తరువాత బెర్లిన్ నగరపు తోటలో తాము కొనిన ఐస్‌క్రీము కాగితముమీద నానూక్ ముఖము నవ్వుచుండెనని ఫ్లాహర్టీ భార్య ఫ్రాన్సెస్ వ్రాసెను. అప్పటికి అల్లకరియల్లక్ జీవించి లేడు. చిత్రము వెలువడిన తరువాత సుమారు రెండేండ్లలోపుననే అతడు మరణించెను. వేటకు పోయి ఆకలిచే మరణించెనని ఫ్లాహర్టీ లోకమునకు చెప్పెను. క్షయవంటి వ్యాధిచే మరణించియుండుననుట తరువాతివారి అభిప్రాయము. తన చిత్రము ఎన్ని దేశములలో ఆడినదో, తన నవ్వు ఎన్ని కాగితములమీద అచ్చయినదో అతడెరుగడు.

డాక్యుమెంటరీ అను మాటను ఈ అర్థమున ప్రచారములోనికి తెచ్చినవాడు జాన్ గ్రియర్సన్ అను స్కాట్లండు దేశస్థుడు. 1926లో ఫ్లాహర్టీ రెండవ చిత్రము ‘మోనా’ను సమీక్షించుచు అతడామాటను వాడెను. ఆ చిత్రము సమోవా ద్వీపవాసులది. 1934లో ఐర్లండు తీరమందలి ఆరన్ ద్వీపములలో ఫ్లాహర్టీ మరియొక చిత్రము తీసెను. అచ్చటి జనులు తరతరముల క్రిందటనే మానివేసిన సొరచేపల వేటను చిత్రముకొరకు వారికి తిరిగి నేర్పవలసివచ్చెను. ఆ తరువాత మన దేశమునకును వచ్చి, మైసూరు సంస్థానమున ‘ఎలిఫెంట్ బాయ్’ అను కథాచిత్రమునకు పని చేసెను. 1937లో వెలువడిన ఆ చిత్రమున నటించిన మావటివాని కుమారుడే సాబూ. ఎచ్చటికి పోయినను ఫ్లాహర్టీ వెదకినది ఒక్కటే: నాగరికత తాకకముందు ఆ జనులకుండిన గాంభీర్యము. తెల్లవారు వారినేమి చేసిరో చూపుట తన పని కాదని, వారి పూర్వవైభవమును అది అంతరింపకముందే చూపుట తన పనియని అతడు స్పష్టముగా చెప్పుకొనెను.

ఈ మాటలో ప్రేమ కలదు. అనాగరికులని లోకము పరిహసించు ప్రజలను ధీరులుగా, నేర్పరులుగా, ప్రేమగల తల్లిదండ్రులుగా చూపిన ఘనత అతనిది. కాని ఈ ప్రేమకు ఒక షరతు కలదు. ఆ ప్రజలు పూర్వమువలె ఉండవలెను. అప్పుల ఖాతాతో, తుపాకితో, దగ్గుతో నిలిచిన నేటి మనుష్యుని అది చూడజాలదు. చిత్రమునకు ధనమిచ్చినది చర్మవర్తకుడు గనుక చర్మవర్తకపు లెక్కలు చిత్రములో కానరాకపోవుట వింత కాదు. తెల్లనక్క చర్మములు దొంతరలుగా కనబడును. వాని వెల ఎంతో, వేటగానికి దక్కినదెంతో కనబడదు.

ఇచ్చటనుండి చరిత్ర చిత్రమును దాటిపోవును. 1936లో రెవియాన్ సంస్థ హడ్సన్ బే కంపెనీ వశమైనది. నక్కచర్మపు ధరలు పడిపోయినవి. 1941 మొదలు కెనడా ప్రభుత్వము ఇనుయిట్లకు గుర్తింపు సంఖ్యలు ముద్రించిన చిన్న బిళ్లలను పంచెను. వారి పేర్లు పలుకుట కష్టమనియు, ఇంటిపేర్లు లేనందున లెక్కలకు చిక్కు కలుగుచున్నదనియు కారణము చెప్పబడెను. పేరున్న మనుష్యుడు అధికారుల పుస్తకములలో అంకెయై నిలిచెను. 1968-71 సంవత్సరముల నడుమ ఇంటిపేర్లను నమోదుచేయు కార్యక్రమము నడచువరకు ఈ పద్ధతి సాగెను. తెరమీద అల్లకరియల్లక్ నానూక్ అయ్యెను. ప్రభుత్వపు పుస్తకములలో అతని జాతివారు సంఖ్యలైరి. పరుల సౌకర్యముకొరకు ఒకని పేరును మార్చుట రెండుచోట్లను జరిగినది.

1953లో అంతకంటె ఘోరమైనది జరిగెను. ఇనుక్జువాక్ ప్రాంతపు కుటుంబములను కొన్నింటిని ప్రభుత్వము సుమారు రెండువేల కిలోమీటర్లు ఉత్తరమునకు తరలించెను. 1955లో మరికొన్ని కుటుంబములు పంపబడినవి. మొత్తము సుమారు 90 మంది. కొందరిని ఎల్స్‌మియర్ ద్వీపమున, కొందరిని కార్న్‌వాలిస్ ద్వీపమందలి రెజొల్యూట్‌లో దింపిరి. ప్రభుత్వసహాయముమీద ఆధారపడకుండ పూర్వమువలె వేటాడి స్వతంత్రముగా జీవింపగలరని ఒక కారణము చెప్పబడెను. నిర్జనమైన ఉత్తరద్వీపములమీద కెనడా సార్వభౌమాధికారమునకు సాక్ష్యముగా అచ్చట మనుష్యులుండవలెనన్న ఉద్దేశము కూడ దానివెనుక కలదని పలువురు వాదించిరి. రెండేండ్లలో ఇష్టములేనివారు తిరిగిరావచ్చునని చెప్పిన మాట నిలువలేదు.

ఇనుక్జువాక్ 58వ అక్షాంశమున ఉన్నది. శీతకాలమునను అచ్చట సూర్యుడు ప్రతిదినము ఉదయించును. ఎల్స్‌మియర్ ద్వీపమందలి గ్రీస్ ఫ్యోర్డ్ 76వ అక్షాంశమున ఉన్నది. అచ్చట మూడునెలలకు పైగా సూర్యుడు కనబడడు. మొదటి శీతకాలమును ఆ కుటుంబములు గుడారములలో గడపవలసివచ్చెను. తమకు అలవాటైన ఫలములు, పక్షులు, చేపలు అచ్చట లేవు. కస్తూరి ఎద్దులు కలవుగాని వానిని చంపుట చట్టవిరుద్ధము. ఒకేచోటికి పోవుచున్నామని తలచి నౌక ఎక్కిన బంధువులు రెండు ద్వీపములకు వేరుచేయబడుచున్నారని మార్గమధ్యమున తెలిసినప్పుడు నౌకమీద రోదనము చెలరేగెనని పిమ్మట వారు సాక్ష్యమిచ్చిరి.

వేటగాడు వేటగాడుగానే ఉండవలెనన్న అధికారుల భావమును, వేటగాడు పూర్వమువలె కనబడవలెనన్న చిత్రకారుని భావమును ఒకటిగా కట్టివేయుట న్యాయము కాదు. చిత్రము వలననే ఈ వలస జరిగినదని చెప్పుటకు ఆధారము లేదు. అయితే రెండింటియందును ఒక లక్షణము సమానము. ఆ ప్రజలకు ఏది తగునో వారిని అడుగకయే పరులు నిర్ణయించిరి.

1955లో ఉత్తరమునకు పంపబడినవారిలో జోసెఫీ ఫ్లాహర్టీ అను నతడు కుటుంబసహితముగా ఉండెను. అతడు రాబర్ట్ ఫ్లాహర్టీ కుమారుడు. చిత్రీకరణపు ఏడాదిలో ఫ్లాహర్టీకిని, మ్యాగీ నుజర్లుక్టుక్ అను ఇనుయిట్ స్త్రీకిని సంబంధము కలిగెను. తండ్రి 1921 ఆగస్టులో తీరమును విడిచిపోయిన తరువాత, ఆ యేడు చివర జోసెఫీ పుట్టెను. తండ్రి తిరిగిరాలేదు, కుమారుని బహిరంగముగా అంగీకరింపలేదు. 1951లో రాబర్ట్ ఫ్లాహర్టీ మరణించునప్పటికి లోకము అతనిని డాక్యుమెంటరీ పితామహుడని కీర్తించుచుండెను. నాలుగేండ్లకు కుమారుడు భార్యాబిడ్డలతో చీకటిద్వీపమునకు పోవు నౌకనెక్కెను. నానూక్ కుటుంబమును తీర్చిదిద్దిన కథకుని స్వంత కుటుంబము కథలో స్థానము లేక మిగిలిపోయినది.

ఆ నౌకమీద ఐదేండ్ల బాలికయొకతె ఉండెను. ఆమె జోసెఫీ కుమార్తె మార్తా ఫ్లాహర్టీ. ఆమె పెద్దదియై ఇనుయిట్ స్త్రీల సంఘమగు పౌక్టూటిట్‌కు అధ్యక్షురాలయ్యెను. వలసపోయినవారు 1980 తరువాతి సంవత్సరములలో తమ అన్యాయమును బహిరంగముగా చెప్పుకొన నారంభించిరి. 1993లో ఆదివాసుల సమస్యలను విచారించు రాయల్ కమిషన్ యెదుట వృద్ధులు, వారి సంతానము నిలిచి తమ భాషలో, తమ నోట సాక్ష్యమిచ్చిరి. 1994లో కమిషన్ తన నివేదికలో ఆ వలస అన్యాయమని నిర్ణయించి, క్షమాపణయు నష్టపరిహారమును ఉచితమని చెప్పెను. 1996లో ప్రభుత్వము ఒక కోటి డాలర్ల నిధి నేర్పరచెనుగాని క్షమాపణ చెప్పలేదు. 2010 ఆగస్టు 18వ తేదీన ఇనుక్జువాక్‌లోనే కెనడా మంత్రి ప్రభుత్వపక్షమున క్షమాపణ చెప్పెను. మొదటి వలసకును ఆ దినమునకును నడుమ 57 సంవత్సరములు గడచెను. నౌకనెక్కిన పెద్దలలో పలువురు అప్పటికి గతించిరి.

మార్తా ఫ్లాహర్టీ జీవితమును గూర్చి 2008లో ఒక డాక్యుమెంటరీ వెలువడినది. తాత చిత్రములో ఇనుయిట్ స్త్రీకి మాట లేదు. ఆ కాలపు చిత్రములకు ధ్వని లేదు. మనుమరాలి చిత్రములో కథ చెప్పునది ఆమె గొంతుకయే.

మరియొక పరిణామము ఉత్తరసీమలో ఇంతకు పూర్వమే ఆరంభమైనది. ఇగ్లూలిక్ అను గ్రామమునకు టెలివిజన్ ఇచ్చెదమని ప్రభుత్వము వచ్చినపుడు, తమ భాషలో ఒక్క కార్యక్రమమును లేనందున గ్రామస్థులు 1975లోను, 1979లోను ఓటువేసి దానిని తిరస్కరించిరి. 1981లో ఇనుయిట్ల స్వంత ప్రసారసంస్థ ఏర్పడినది. ఆ సంవత్సరమే ఇగ్లూలిక్ వాస్తవ్యుడైన జకరియస్ కునుక్ తాను చెక్కిన రాతిబొమ్మలను మాంట్రియల్ నగరమున అమ్మి, ఆ సొమ్ముతో వీడియో కెమెరా కొని తెచ్చుకొనెను. 1990లో అతడును మిత్రులును కలిసి ఇసుమా అను నిర్మాణసంస్థ స్థాపించిరి. ఇసుమా అనగా ఆలోచన. 1995 నాటికి వారు పూర్తిచేసిన ‘నునావుట్’ అను పదమూడు భాగముల వరుస 1945 ప్రాంతపు ఇనుయిట్ జీవితమును చూపును. 2001లో ఇనుయిట్ భాషలోని మొదటి నిడుపైన కథాచిత్రము ‘అటనార్జువాట్’ కాన్ ఉత్సవమున బహుమతి పొందినది. ఉత్తరవలసను గూర్చి 2009లో కునుక్ ‘ఎక్సైల్’ అను డాక్యుమెంటరీ తీసెను.

ఇందులో శ్రోతలు గమనింపదగిన విశేషమొకటి కలదు. ‘నునావుట్’ వరుసలో కునుక్ చేసిన పని పైకి చూచుటకు ఫ్లాహర్టీ చేసినదానివలెనే ఉన్నది. అతడును పాతకాలపు దుస్తులు కుట్టించెను, మంచుగృహములు కట్టించెను, నేటివారిచేత నాటి జీవితమును అభినయింపజేసెను. కనుక అభినయింపజేయుటయే ఫ్లాహర్టీ చేసిన తప్పని చెప్పుట తొందరపాటు. తేడా వేరొకచోట ఉన్నది. ఇగ్లూలిక్‌లో ఏమి చూపవలెనో నిర్ణయించినవారు ఆ గ్రామపు వృద్ధులు. దుస్తులు కుట్టినవారి పేర్లు, నటించినవారి పేర్లు వారివే. తప్పు జరిగినచో మరునాడు వీధిలో అడుగువారు కలరు. తీసినవాడు అచ్చటనే ఉండి సమాధానము చెప్పవలెను. ఫ్లాహర్టీకి అట్టి నిర్బంధము లేదు. నౌక వచ్చినది, అతడు ఎక్కి పోయెను.

అట్లని ‘నానూక్’ను చరిత్రనుండి తుడిచివేయ నక్కరలేదు. 1989లో అమెరికా ప్రభుత్వము జాతీయచిత్రసంపదగా భద్రపరుపదలచిన మొదటి ఇరువదియైదు చిత్రములలో అది చేరినది. అల్లకరియల్లక్ మంచుదిమ్మెలను కత్తితో కోసి గోడకు పేర్చు నేర్పు, కిటికీకి పారదర్శకమైన మంచుపలక అమర్చి, వెలుతురు లోనికి పడునట్లు ప్రక్కన మరియొక దిమ్మెను నిలుపు యుక్తి, చిన్నవానికి విల్లెక్కుపెట్టుట నేర్పు ఓర్పు, ఇవి ఎవరును కల్పించి ఇచ్చినవి కావు. అవి అతనివి. ఫ్లాహర్టీ కెమెరా వానిని భద్రపరచినది, అందులకు లోకము కృతజ్ఞతతో ఉండవలెను. అయితే ఆ చిత్రమును చూపు ప్రతిచోట అతని అసలు పేరును చెప్పవలెను. ఆ తీరవాసులకు 1953లో ఏమి జరిగినదో కూడ చెప్పవలెను.

బడుగుప్రజల జీవితమును చిత్రింపబూనిన రచయితకైనను, చిత్రకారునికైనను, ప్రసారకునికైనను ఈ చరిత్ర ఉపయోగించును. దయ కలిగియుండుట మంచిదే, అది చాలదు. వారి నేటి కష్టమునకు కారణమైనవారు తన పోషకులైనను ఆ సంగతి చెప్పగల ధైర్యము వలయును. తీసినది వారికి చూపుటతో ఆగక, వారు చెప్పిన సవరణను అంగీకరింపగల వినయము వలయును. తరువాత ఒకనాడు వారే కెమెరా చేబట్టి, మైకు ముందు నిలిచి మాటలాడునపుడు, తాను ప్రక్కకు తొలగి వినగల ఓర్పు అన్నింటికంటె ముఖ్యము. ఇనుక్జువాక్ జనుల ముఖములను లోకము 1922లోనే చూచెను. వారి మాట దానికి వినబడుటకు 1993 వరకు పట్టినది.